మూతపడిన బ్యాంకుకి నన్ను వేశారు

సహకార శాఖలో ముప్ఫై ఏళ్ళకి పైగా పనిచేసి రిటైరయ్యాను. ఇప్పుడు గుణదలలో ఉంటున్నాను. ఈమధ్య శాఖలో కొత్తగా చేరిన పిల్లలు ముగ్గురు ఇంటికొచ్చారు. "మేడమ్, మమ్మల్ని లిక్విడేటర్‌గా వేస్తే ఏం చెయ్యాలండీ?" అని అడిగారు. "రూల్సు పుస్తకంలో ఉన్నాయి, చదువుకోండి" అన్నాను. కాఫీ తాగి వెళ్ళిపోయారు. వాళ్ళు గేటు దాటాక, నేను చెప్పింది జవాబు కాదనిపించింది. అందుకని ఇది రాస్తున్నాను.

లిక్విడేటర్ అంటే మూతపడిన సంస్థకి చివరి అధికారి. ఉన్న ఆస్తులు అమ్మాలి, రావాల్సిన బాకీలు వసూలు చెయ్యాలి, ఇవ్వాల్సినవాళ్ళకి ఇవ్వాలి, ఆఖర్న తలుపుకి తాళం వేసి రావాలి. ఎవరూ కోరి తీసుకునే పని కాదు. నన్ను పాల సంఘానికి వేశారు, రైస్ మిల్లు సంఘానికి వేశారు. అవన్నీ వచ్చాయి, పోయాయి. ఒక బ్యాంకు మాత్రం నాతో ఉండిపోయింది.

మగ్గాల వీధి

ఉయ్యూరు దాటి బందరు వైపు వెళ్తుంటే వచ్చే చిన్న పట్టణం అది. పేరు రాయను, ఆ మనుషులు ఇంకా ఉన్నారు. నా మొదటి పోస్టింగు అక్కడే, జూనియర్ ఇన్‌స్పెక్టర్‌గా. పెళ్ళికాని పిల్ల ఒక్కతే ఉంటుందంటే గది ఇవ్వడానికి ఎవరూ ముందుకు రాలేదు. ఇచ్చింది నాంచారయ్య గారు. చేనేత సంఘం ప్రెసిడెంటు ఆయన. ప్రెసిడెంటంటే తెల్లచొక్కా వేసుకుని తిరగడం కాదు, ఆయనా రోజూ మగ్గం గుంటలో దిగి నేసేవారు.

వాళ్ళ ముందు గదిలో నేను, వెనక మగ్గం. పొద్దున్నే నాడె కొట్టే టకటకకి మెలకువ వచ్చేది. వీధి పొడుగునా ప్రతి ఇంట్లోనూ అదే చప్పుడు. మొదటి వారం తలనొప్పి వచ్చింది. తరవాత సెలవులకి మా ఇంటికి వెళ్తే, ఆ చప్పుడు లేక నిద్ర పట్టేది కాదు. నాంచారయ్య గారి భార్య మహాలక్ష్మమ్మ గారు కండెలకి నూలు చుడుతూ నాతో కబుర్లు చెప్పేవారు. నేను ఆయన్ని బాబాయ్ గారూ అనేదాన్ని, ఆవిణ్ణి పిన్నిగారూ అనేదాన్ని. వాళ్ళు నన్ను అమ్మాయ్ అనేవాళ్ళు. ఆవిడ దిబ్బరొట్టె కాలిస్తే మొదటి ముక్క, అంటే పెనం అంచున ఎర్రగా కాలిన ముక్క, నాకు పెట్టేవారు. తినకుండా ఆఫీసుకి వెళ్తే సాయంత్రం దాకా సణిగేవారు.

వీధి చివర పెంకుటింట్లో బ్యాంకు. నేతగాళ్ళూ, చిన్న బట్టల కొట్లవాళ్ళూ తలా కొంచెం వాటా వేసి పెట్టుకున్న అర్బన్ కోపరేటివ్ బ్యాంకు. మేనేజరు ప్రసాదరావు గారు. ఎవరింట్లో పెళ్ళి ఉందో, ఎవరికి నూలు కొనడానికి చేతిలో డబ్బాడడం లేదో ఆయనకి చెప్పక్కర్లేదు. లోపల గోడవారన ఒక పొడుగాటి బల్ల ఉండేది. ఆడవాళ్ళు వందో రెండొందలో వేసుకుని, వెంటనే వెళ్ళకుండా ఆ బల్ల మీద కూర్చునేవాళ్ళు. పిల్లల జ్వరాల దగ్గర్నించి కోడళ్ళ గొడవల దాకా అక్కడ తేలేవి. బ్యాంకు పెద్ద పేరు ఎవరూ పలికేవాళ్ళు కాదు. "మన బ్యాంకు" అనేవాళ్ళు. ఆ తరవాత నేను ఎన్నో బ్యాంకులు తనిఖీ చేశాను. ఖాతాదారులు 'మన' అన్న బ్యాంకు నాకు ఇంకోటి కనిపించలేదు.

రెండేళ్ళకి బదిలీ అయింది. బస్సెక్కేటప్పుడు పిన్నిగారు గోంగూర పచ్చడి జాడీ చేతిలో పెట్టి, "ఏ ఊళ్ళో ఉన్నా మగ్గం చప్పుడు వినపడితే మేమేనని అనుకో" అన్నారు.

శేషగిరిరావు గారి షరతు

చాలా ఏళ్ళకి, నేను పెద్ద హోదాలో విజయవాడలో ఉన్నప్పుడు, ఆ బ్యాంకు మీద ముంబై రిజర్వు బ్యాంకు నుంచి ఆంక్షలు వచ్చాయని, ఎవరి డబ్బూ తియ్యనివ్వడం లేదని తెలిసింది. కారణం మామూలే. డైరెక్టర్లలో ఒకాయన విజయవాడలో పెద్ద బట్టల వ్యాపారం మొదలుపెట్టాడు. బావమరిది పేరున, మేనల్లుడి పేరున, గుమాస్తా పేరున అప్పులు తీసుకున్నాడు. తాకట్టు పెట్టిన సరుకు గోడౌన్లో లేదు. ప్రసాదరావు గారు కాదనలేకపోయారు. ఆయన దొంగ కాదు. గట్టిగా 'ఇవ్వను' అనడం చేతకాని మనిషి. బ్యాంకులు మునిగేది దొంగల వల్లే కాదు, ఇలాంటి మంచివాళ్ళ వల్ల కూడా. ఇది మీరు రాసిపెట్టుకోండి.

ఆంక్షలు పెట్టిన చాలా నెలలకి లైసెన్సు రద్దయింది. మా పై అధికారి శేషగిరిరావు గారు నన్ను పిలిచారు.

"భారతీ, ఆ బ్యాంకుకి నిన్ను లిక్విడేటర్‌గా వేస్తున్నాను."

"వద్దండీ. ఆ వీధిలో రెండేళ్ళున్నాను. అందరూ తెలిసినవాళ్ళే."

"తెలిసినవాళ్ళు కాబట్టే వేస్తున్నాను. వాళ్ళకి మన ఇంగ్లీషు నోటీసు అర్థం కాదు. నీ మొహం అర్థమవుతుంది." కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ, "ఒక్క షరతు. పని అయ్యేదాకా ఎవరింట్లోనూ భోజనం చెయ్యకు. కాఫీ కూడా తాగకు" అన్నారు.

అప్పుడు ఆయన్ని కర్కోటకుడనుకున్నాను. నాకు దొరికిన అధికార్లలో ఆయనే మంచివారని తరవాత తెలిసింది. నన్ను నా నుంచే కాపాడాలని చూశారాయన.

బల్ల మీద ఎవరూ కూర్చోని రోజు

నేను వెళ్ళేసరికి బ్యాంకు ముందు వీధంతా జనం. ముందు రోజు అతికించిన నోటీసుని ఎవరో సగం చింపేశారు. లోపల బల్ల ఖాళీగా ఉంది. అందరూ నిలబడే ఉన్నారు.

నేను మెట్టెక్కి మాట్లాడాను. "మీ డిపాజిట్లకి బీమా ఉంది. బ్యాంకు మునిగినా ఒక్కొక్కరికి లక్ష రూపాయల దాకా బీమా సంస్థ ఇస్తుంది. అసలూ వడ్డీ కలిపి లక్ష. నేను జాబితా పంపాలి, వాళ్ళు చూసి డబ్బు పంపుతారు. ఎవరికీ లంచం ఇవ్వక్కర్లేదు, ఎవరి సిఫార్సూ అక్కర్లేదు."

"ఒట్టేనా అమ్మాయ్?" అన్న గొంతు వినపడింది. గుంపులోంచి పిన్నిగారు. జుట్టు నెరిసింది.

"ఒట్టు పిన్నిగారూ."

అప్పుడు జనం కాస్త సర్దుకున్నారు. ఆ వీధిలో లక్ష దాటి దాచుకున్న ఇల్లు లేదు. ఎవరి ఖాతా చూసినా పదివేలు, ఇరవైవేలు. వాళ్ళందరికీ పైసా పోకుండా వస్తుంది. మొదటి నాలుగు రోజులూ నేను గాల్లో తేలుతున్నట్టు పనిచేశాను. బీమా అనే ఏర్పాటు చేసినవాళ్ళెవరో గానీ వాళ్ళకి దణ్ణం పెట్టాలనిపించింది.

అయిదో రోజు చేనేత సంఘం డిపాజిట్ దగ్గరికి వచ్చాను.

ఆ వీధి నేతగాళ్ళందరి కూలిలోంచి నెలనెలా కొంత కోసి, పొదుపు నిధిగా సంఘం దాచేది. కూతురి పెళ్ళికో, జబ్బుకో, మగ్గం మరమ్మతుకో అదే ఆసరా. నాలుగు లక్షల పైచిలుకు అయింది. మొత్తం ఒకే డిపాజిట్, సంఘం పేరున. లెక్క సులువుగా ఉంటుందని అన్ని సంఘాలూ అలాగే వేసేవి. కానీ బీమాకి మనుషులు కనపడరు, పేరు కనపడుతుంది. సంఘం అంటే ఒక్క డిపాజిటర్. లక్షే వస్తుంది. అదే డబ్బు ఎవరి పేరున వాళ్ళు విడివిడిగా వేసుకుని ఉంటే మొత్తం వచ్చేది.

అడగని మనిషి

ఈ సంగతి ప్రసాదరావు గారికి నాకంటే ముందే తెలుసు. మర్నాడు నాంచారయ్య గారిని వెంటబెట్టుకుని వచ్చారు. తలుపు దగ్గరగా వేశారు.

"దారి ఉందండీ," అన్నారు ప్రసాదరావు గారు. "ఆంక్షలు రాకముందే సంఘం వాళ్ళు డిపాజిట్ విడగొట్టమని కాగితం ఇచ్చారనుకుందాం. మనం వెంటనే చెయ్యలేకపోయాం. ఇప్పుడు పాత తేదీతో మెంబర్ల పేర్లకి మార్చేద్దాం. మీరు కళ్ళు మూసుకుని జాబితాలో కలిపేస్తే చాలు. వాళ్ళ డబ్బే కదండీ, ఇంకెవరి సొమ్మూ కాదు."

నాంచారయ్య గారు కుర్చీ చివర కూర్చున్నారు. కండువా చేతిలో మడత పెడుతున్నారు, విప్పుతున్నారు.

"వాళ్ళ డబ్బు బ్యాంకులో పోయింది ప్రసాదరావు గారూ," అన్నాను. "బీమా ఇచ్చేది దేశంలో ఉన్న అన్ని బ్యాంకులూ కట్టిన ప్రీమియం లోంచి. దొంగ తేదీ వేసి అందులోంచి తీసుకుంటే, ఆ బట్టల డైరెక్టరు చేసిన పనికీ దీనికీ తేడా ఏముంది?"

"తేడా ఉందండీ. ఆయన మేడ కట్టాడు. వీళ్ళు అన్నం తింటారు."

నేను డిపాజిట్ రిజిస్టరు మూసేశాను.

అప్పుడు నాంచారయ్య గారు అడిగారు. "ఇది దొంగతనం కిందికి వస్తుందా అమ్మాయ్?"

"వస్తుంది బాబాయ్ గారూ."

"అయితే వద్దు." కండువా భుజాన వేసుకుని లేచారు. గుమ్మం దగ్గర ఆగి, "సంఘంలో నేను చెప్పుకుంటాలెండి, మేడమ్ గారూ" అన్నారు.

కోపంతో అనలేదు. నన్ను ఇబ్బంది పెట్టకూడదని అన్నారు. అయినా ఆ 'మేడమ్ గారూ' నాకు తగిలినట్టు తిట్టు కూడా తగల్లేదు.

తిట్టేవాళ్ళూ వచ్చారు. సామ్రాజ్యం అని ముప్ఫై అయిదేళ్ళ నేతగత్తె. భర్త పోయాక ఇద్దరు పిల్లల్ని మగ్గం మీదే సాకుతోంది. ఆ నెల కొడుకుని కాలేజీలో చేర్చడానికి పొదుపు నిధి నుంచి తీసుకుందామనుకుంది. నా బల్ల ముందుకొచ్చి నిలబడింది.

"మీ జీతం ఏ బ్యాంకులో పడుద్దండీ?"

చెప్పాను. ప్రభుత్వ బ్యాంకు.

"అది మునగదు. మునిగినా గవర్నమెంటు మునగనివ్వదు. మాది చిన్నది కాబట్టి మునగనిచ్చారు. అంతే కదండీ?"

అంతే. పెద్ద బ్యాంకుకి కష్టం వస్తే రాత్రికి రాత్రి ఇంకో పెద్ద బ్యాంకులో కలిపేస్తారు, ఖాతాదారుడికి బోర్డు మారిందనే తెలుస్తుంది. చిన్న బ్యాంకుని కలుపుకునే దిక్కు కోసం అప్పుడు మేం కూడా ప్రయత్నించాం. బందరు వైపు ఒక బ్యాంకూ, గుంటూరు వైపు ఒక బ్యాంకూ లెక్కలు చూసి వెళ్ళిపోయాయి. ఈ మాటే సామ్రాజ్యానికి చెప్పాను. ఆమె విని, "పోన్లెండి" అని వెళ్ళిపోయింది. కొడుకు ఆ ఏడు కాలేజీలో చేరలేదు. ఆటోనగర్‌లో లారీ బాడీలు కట్టే షెడ్డులో పనికి వెళ్ళాడు.

నేను చేసింది తప్పని ఈరోజుకీ అనుకోను. కానీ సరైన పని చేస్తే మనసు తేలికపడుతుందని మీకెవరైనా చెబితే నమ్మకండి.

వాసన

బీమా డబ్బు వచ్చింది. చిన్న ఖాతాలవాళ్ళందరికీ ముట్టింది. సంఘానికి లక్ష ముట్టింది. మిగతాది వసూళ్ళలోంచి రావాలి.

ఇక్కడ ఇంకో మెలిక. వసూలైన డబ్బులోంచి ముందు బీమా సంస్థ ఇచ్చింది తిరిగి కట్టాలి, ఆ తరవాతే లక్ష దాటిన డిపాజిటర్లకి. చట్టం అది. "ముందు మాకు రావాలి కదండీ?" అని నాంచారయ్య గారు ఒకసారి అడిగారు. వివరంగా చెప్పాను. "సరేనండి" అన్నారు. లెక్కగా చూస్తే అది న్యాయమే, ఆ డబ్బు తిరిగి వెళ్తేనే రేపు ఇంకో ఊరివాళ్ళకి ఇవ్వగలరు. కానీ లెక్క రాసినవాళ్ళు పొదుపు నిధిని ఊహించలేదు. ధనవంతుడి పెద్ద డిపాజిట్టూ, వంద మంది కూలి కలిపిన డిపాజిట్టూ వాళ్ళకి ఒకేలా కనిపించాయి.

డైరెక్టరు గోడౌను అమ్మడానికి కోర్టుల చుట్టూ ఏళ్ళు పట్టింది. ఆ ఏళ్ళన్నీ వారానికోసారైనా ఆ పెంకుటింటికి వెళ్ళేదాన్ని. మధ్యాహ్నం పన్నెండింటికి వీధిలో ప్రతి ఇంట్లోనూ పోపు వేసేవాళ్ళు. ఉలవచారు మరిగే వాసన కిటికీలోంచి నా బల్ల మీదికి వచ్చేది. నేను డబ్బా విప్పుకుని విజయవాడ నుంచి తెచ్చుకున్న పెరుగన్నం తినేదాన్ని. నాలుగిళ్ళ అవతల పిన్నిగారి ఇల్లు. ఎన్నిసార్లు లేచి వెళ్దామనిపించిందో. ఒకసారి నిజంగానే వెళ్ళాను. గుమ్మం దాకా వెళ్ళాక ఆవిడ లోపల కండెలు చుడుతూ కనిపించారు. నన్ను చూడలేదు. వెనక్కి వచ్చేశాను. షరతు గుర్తొచ్చి కాదు. లోపలికి రమ్మంటారో లేదో తెలియక.

చివరికి సంఘానికి మిగిలిన దాంట్లో సగానికి కొంచెం తక్కువ ఇవ్వగలిగాను. అప్పటికి వీధిలో సగం మగ్గాలు ఆగిపోయాయి. అది బ్యాంకు వల్లే అనను. మిల్లు చీరలొచ్చాయి, నూలు ధర పెరిగింది, పిల్లలు మగ్గం గుంటలోకి దిగేది లేదన్నారు. కానీ నూలు ధర పెరిగినప్పుడు ఇదివరకు ప్రసాదరావు గారు పిలిచి అప్పు ఇచ్చేవారు. ఇప్పుడు ఉయ్యూరులో పెద్ద బ్యాంకుకి వెళ్తే, కంప్యూటర్లో నీ పేరున అప్పు తీర్చిన చరిత్ర లేదు అంటున్నారు. ముప్ఫై ఏళ్ళు ఒక్క వాయిదా తప్పని మనిషికి చరిత్ర లేదట. బీమా డిపాజిట్‌ని తిరిగి ఇస్తుంది. నిన్ను ఎరిగిన మనిషిని తిరిగి ఇవ్వదు.

ఉద్యోగంలోకి వచ్చిన మీకు రెండు మాటలు. ఏ సంఘానికి వెళ్ళినా డబ్బు ఎవరి పేరున, ఎక్కడ, ఎంత ఉందో చూసి, బీమా ఎంతవరకో వాళ్ళ భాషలో చెప్పండి. ఊళ్ళో పరపతి సంఘాల్లో వేసే డిపాజిట్లకి ఈ బీమా లేనే లేదు. ఆ మాట కూడా దాచకుండా చెప్పండి. మూతపడ్డాక మనం చెప్పేది సానుభూతి మాత్రమే.

ఫోను

నేను రిటైరవడానికి కొద్దిగా ముందు, బడ్జెట్ రోజున, బీమా పరిమితి లక్ష నుంచి అయిదు లక్షలకి పెంచుతున్నట్టు టీవీలో చెప్పారు. తరవాత చట్టం కూడా మార్చారు, ఇప్పుడు ఆంక్షలు పెట్టిన మూడు నెలల్లోనే డబ్బు ఇవ్వాలి. రెండూ మంచి పనులు. ఆ రోజు మాత్రం టీవీ ముందు కూర్చుని నేను సంతోషించలేకపోయాను. నాలుగు లక్షల పైచిలుకు అన్న అంకె ఒక్కటే బుర్రలో తిరిగింది.

ఫోను మోగింది. నాంచారయ్య గారు.

"చూశారాండీ టీవీ?"

"చూశానండీ."

"అయిదంట."

"అవునండీ."

ఆయన వెనక ఎక్కడో ఒకే ఒక్క మగ్గం టకటకమంటోంది.

"మనదాకా రాకపోయినా, వచ్చింది కదండీ," అన్నారు. "ఆదివారం ఖాళీ అయితే ఒకసారి రండి. మా ఆవిడ అడగమంది."

వెళ్ళాను. ఇంటి ముందు అరుగు మీద నలుగురైదుగురు కూర్చుని ఉన్నారు. సామ్రాజ్యం కూడా వచ్చింది, జుట్టు అక్కడక్కడా తెల్లబడింది. ఆమె ఇప్పుడు సంఘం ప్రెసిడెంటు. పొదుపు ఎవరి ఖాతాలో వాళ్ళకే వేయిస్తోందట. పిన్నిగారు లోపల కాఫీ కలుపుతున్నారు. ఎవరూ పాత సంగతి ఎత్తలేదు. వానల గురించి, కాలవ నీళ్ళ గురించి మాట్లాడారు. కాసేపటికి నాంచారయ్య గారు గొంతు సవరించుకున్నారు.

"ఒక మాట అడగాలని పిలిచానండీ. ఇప్పుడు బీమా అయిదు లక్షలైంది కదా. భయం లేదు కదా. మళ్ళీ మన బ్యాంకు పెట్టుకోవచ్చాండీ?"

అందరూ నా వైపు చూశారు. అంటే ముందే అనుకుని ఉన్నారు.

చెప్పాల్సింది చెప్పాను. కొత్త అర్బన్ బ్యాంకులకి లైసెన్సులు ఇవ్వడం ఎప్పుడో ఆపేశారు. ఒకవేళ ఇచ్చినా వాళ్ళడిగే మూలధనం ఈ వీధి మొత్తం అమ్మినా రాదు. కంప్యూటర్లూ, ఆడిటూ, చదువుకున్న డైరెక్టర్లూ కావాలి. పాత బ్యాంకు మునిగింది కూడా అవి లేకే.

"ఊరికే అడిగాన్లెండి," అన్నారు నాంచారయ్య గారు.

"అడగటంలో తప్పేముంది," అంది సామ్రాజ్యం. తరవాత నవ్వి, "ఇస్తే మాత్రం మేనేజరుగా ఆడమనిషిని పెట్టాలి. ఇవ్వను అనడం మాకే బాగా వచ్చు" అంది.

"పాత పెంకుటిల్లు వద్దు, కారుతుంది," అన్నాడు ఒకాయన.

"సంఘం హాలు ఉందిగా. సున్నం కొట్టిస్తే సరి."

"బల్ల కావాలి. పొడుగుది."

"బల్ల లేకపోతే నేను రాను," అని లోపల్నించి పిన్నిగారు.

కౌంటర్ ఎటువైపు ఉండాలో ఇద్దరు వాదించుకున్నారు. నూలు అప్పుకి ఎంత వడ్డీ వెయ్యాలో ఒకరు చెప్పారు, అది ఎక్కువని ఇంకొకరన్నారు. డైరెక్టర్ల బంధువులకి పైసా ఇవ్వకూడదని అందరూ ఒక్క గొంతుతో తీర్మానించారు. ఇది జరిగే పని కాదని అక్కడున్న అందరికీ తెలుసు. ఆపమని చెప్పడానికి నాకు నోరు రాలేదు. ముప్ఫై ఏళ్ళ ఉద్యోగంలో ఎన్నో సంస్థలకి తాళాలు వేశాను, ఒక్కటి కూడా తెరవలేదు.

"మరి ప్రారంభోత్సవానికి ఎవర్ని పిలుద్దామండీ? మంత్రిగారినా?" అని నాంచారయ్య గారు నన్ను అడిగారు.

"మంత్రిగారెందుకండీ," అన్నాను. "రిబ్బను మహాలక్ష్మమ్మ పిన్నిగారి చేత కత్తిరింపిద్దాం."

అందరూ ఒప్పుకున్నారు.